పెంచలమ్మ గొంతు

పోయిన నెల ఒక ఆదివారం నేను శెనక్కాయలు ఒలుచుకుంటూ కూర్చుని ఉంటే, మా చెల్లెలి మనవరాలు నిత్య పక్కన చేరి ఫోను నా ముక్కు దగ్గర పెట్టింది. "అవ్వా, ఇద పారు. సిరిప్పు ఆపుకోలేవు," అంది. ఇది చూడు, నవ్వు ఆపుకోలేవు అని. ఆ పిల్ల తెలుగు అంతే, సగం అరవం. చిన్న తెరమీద ఏదో పాత సినిమా ముక్క. కొండదోవలో ఒక ఆడమనిషి, తలమీద ముసుగు, ఒక కుర్రవాడి చెయ్యి రెండు చేతులతో పట్టుకుని ఏడుస్తోంది. ఇనప టోపీలు పెట్టుకున్న సిపాయిలు వాడిని లాక్కుపోతున్నారు. కానీ ఆ నోట్లోంచి వచ్చేది మాత్రం, "అబుక్కు డబుక్కు లబలబ హూయ్, తుంబక డింబక హూయ్ హూయ్". దాని వెనకే, ఎవరో ఆ గొంతు మాత్రం తీసి, కూరగాయలు మరిచిపోయి వచ్చిన మొగుడిమీద పెళ్ళాం అరిచినట్టుగా ఇంకో బొమ్మకి అతికించారు. కింద వేలమంది నవ్వుతున్న గుర్తులు. నిత్య నవ్వి నవ్వి నా ఒళ్ళోకి వాలిపోయింది. నేను ఫోను వెనక్కి ఇచ్చేసి, ఒలిచిన గింజలు తొక్కల్లో, తొక్కలు గింజల్లో వేస్తూ కూర్చున్నాను. ఆ గొంతు నాది. నాకప్పుడు పందొమ్మిదేళ్ళు.

అప్పుడు మేము కోడంబాక్కంలో, రైలు గేటుకి ఈవల ఒక మేడకింద రెండు గదుల వాటాలో ఉండేవాళ్ళం. నాయన అంతకుముందు పాత ఉత్తర మద్రాసులో ఒక తెలుగు బడిలో చరిత్ర అయ్యోరు. మాది నెల్లూరు పక్క. బడిలో తెలుగు పిల్లలు తగ్గిపోయి సెక్షన్లు మూసేస్తుంటే, ఎవరో తెలిసినాయన పిలిచి సినిమాల్లో అనువాద సంభాషణలు రాసే పని ఇప్పించాడు. ఏ భాషలో తీసిన సినిమా అయినా, ఆ నోళ్ళ కదలికకి సరిపోయేటట్టు తెలుగు మాటలు పెట్టాలి. ఆ పని నాయనకి ఇంట్లో కూడా వదిలేది కాదు. అన్నం తింటూ ఎదురుగా కూర్చున్నవాళ్ళ నోటికేసే చూసేవాడు. ఎడమచేతి వేళ్ళు తొడమీద అక్షరాలు లెక్కపెడుతుండేవి. పెదాలు కలిసేచోట ప, బ, మ పడాలి. నోరు తెరుచుకునే చోట మూసుకునే అక్షరం పెడితే బొమ్మ అబద్ధం ఆడినట్టు ఉంటుందనేవాడు. సాయంత్రం అమ్మ పీటమీద కూర్చుని కూరలు తరుగుతుంటే, నన్ను ఎదురుగా కూర్చోబెట్టి, "అమ్ములూ, నువ్వు నోరుగా ఉండు," అనేవాడు. ఇంగ్లీషులో ఉన్న వాక్యం నేను గొంతు లేకుండా పెదాలతో అంటే, ఆయన తెలుగు వాక్యం దానిమీద పలికి సరిచూసుకునేవాడు. పోపు వాసన, మేడమీదవాళ్ళ రేడియో, పట్టాలమీద ఎలక్ట్రిక్ రైలు వెళ్ళినప్పుడల్లా అలమరలో గ్లాసుల గలగల. ఆ గదిలో అట్లా ఎన్ని దేశాలవాళ్ళు మా నోటి గుండా మాట్లాడారో.

ఆ సంవత్సరం వచ్చిన సినిమా స్పెయిన్ వాళ్ళు పెరూ దేశాన్ని పట్టుకోవడం గురించి. ఎక్కడో తీసి, ఇంగ్లీషులోకి మార్చి, అక్కడినుంచి మా కోడంబాక్కం చేరింది. నిర్మాత బెజవాడాయన. కత్తులూ గుర్రాలూ ఉన్నాయి కాబట్టి ఆడుతుందని కొన్నాడు. నాయనకి మాత్రం పాత అయ్యోరు బుద్ధి లేచింది. రోజూ పొద్దున్నే ఎగ్మూరులో పెద్ద లైబ్రరీకి పోయి, చదివి, మధ్యాహ్నం ఇంటికొచ్చి మాకు చెప్పేవాడు. "పెరూనా? దానికి ఇంకో పేరే దొరకలేదా?" అని అమ్మ నవ్వేది. నాయన నవ్వేవాడు కాదు.

"స్పెయినోళ్ళు దిగిన చోటల్లా ఆడుండే జనం ముందర ఒక కాయితం చదివేవోళ్ళంట. మా రాజుకి లోబడండి, మా మతానికి తలొంచండి. లేదంటే మిమ్మల్నీ మీ పెళ్ళాంబిడ్డల్నీ బానిసలుగా పట్టుకపోతాం, ఆ పాపం మీదేగానీ మాది కాదు అని. చదివేది వాళ్ళ బాసలో. ఇన్నోళ్ళకి ఒక్క ముక్క తెలీదు. కొన్ని చోట్ల జనం బయపడి పారిపోతే, ఖాళీ గుడిసెల ముందర గూడా చదివినారంట."

"ఖాళీ గుడిసెలకా? ఎందుకూ?" అంది అమ్మ.

"చదివినామని రాసుకోవాల గదా."

ఊళ్ళకి ఊళ్ళని ఒక్కొక్క దొరకి అప్పగించేవాళ్ళట, వాళ్ళ ఆత్మలు కాపాడు, నీకు కావలసిన పని చేయించుకో అని. కొండల్లో వెండి దొరికాక, ఊరూరికీ వంతులు వేసి మగవాళ్ళని గనుల్లోకి తోలారట. పోయేవాళ్ళని ఊరి పొలిమేరదాకా చచ్చినవాళ్ళని సాగనంపినట్టు ఏడుస్తూ సాగనంపేవాళ్ళట. ఇదంతా చెప్పి ఒకరోజు నాయన, "మనం తినే మిరపకాయ గూడా ఆ దిక్కునించి వచ్చిందే, తెలుసా? ఈ శెనక్కాయ, ఈ తక్కాళి, అదే టమాటా, ఉర్లగడ్డ, అన్నీ ఆళ్ళవే," అన్నాడు. కత్తిపీట మీద అమ్మ చెయ్యి ఆగిపోయింది. మిరపకాయ మనది కాదంటే ఆమెకి రెండు రోజులు నమ్మకం కుదరలేదు.

కాయితం చదివే ఘట్టం సినిమాలో ఉంది. సిపాయిలు తెలుగే మాట్లాడతారు, మరి వాళ్ళ మాట ఎదుటివాళ్ళకి అర్థం కాలేదని మన జనానికి తెలిసేది ఎట్లా? నాయన వారం రోజులు కొట్టుకుని, చివరికి ఆ కాయితాన్ని గ్రాంథికంలో, ఊపిరి ఆడని సమాసాలతో రాశాడు. "అస్మత్ప్రభు పాదపీఠికా సాన్నిధ్యంబున భవదీయ సమస్త గ్రామ జనపద సముదాయంబు..." అని ఇంత పొడుగు. అమ్మకి చదివి వినిపించాడు. "నాకొక్క ముక్క అర్థం కాలా," అంది ఆమె. నాయన ముఖం వెలిగిపోయింది. "అదే కావాల," అన్నాడు. నిర్మాతకి కూడా అది తెగ నచ్చింది. కారణం వేరు, భాష దిట్టంగా ఉందని.

చిక్కంతా ఆ దేశపు మనుషుల దగ్గర వచ్చింది. మాకు వచ్చిన ఇంగ్లీషు కాయితాల్లో దొరలు మాట్లాడిన ప్రతి మాటా టైపు చేసి ఉంది. కొండవాళ్ళు మాట్లాడిన చోట 'స్థానికులు అరుస్తారు' అని మాత్రం ఉంది. కొడుకుని గనికి తీసుకుపోతుంటే తల్లి ఏడ్చే చోట కూడా అంతే, ఒక్క ముక్క. ఆమె నోరు నిమిషానికి పైగా కదులుతుంది. ఏమంటుందో ఎక్కడా రాయలేదు. నాయన ఆ రీలు తిప్పించుకుని తిప్పించుకుని చూశాడు. ఇంటికొచ్చి, "ఆ యమ్మ ఏందో చెప్తా ఉండాది అమ్ములూ. అరవడం కాదది. ఒక్కొక్క మాటా చెప్తా ఉండాది," అన్నాడు. కొండవాళ్ళందరికీ మాటలు రాయాలని నిశ్చయం చేసుకున్నాడు, అదీ మన నెల్లూరు పక్క ఇళ్ళల్లో మాట్లాడే భాషలో. దొరలది పుస్తకాల తెలుగు, వాళ్ళది మన తెలుగు. సినిమా చూసేవాడు ఎవరిపక్క నిలబడాలో చెవే చెబుతుందన్నాడు. ఆ తల్లికి మాత్రం మామూలు డబ్బింగ్ గొంతులు ఒద్దన్నాడు. వాళ్ళు ఏడిస్తే నాటకంలో ఏడ్చినట్టు ఉంటుందట.

అట్లా పెంచలమ్మ మా కథలోకి వచ్చింది. ఆమె జూనియర్ ఆర్టిస్టు. అప్పుడు నలభై ఏళ్ళుంటాయేమో. అడవి సినిమా ఏదైనా తీస్తే ఏజెంటు ఆమెనీ, ఆమె వాళ్ళనీ లారీలో తెచ్చేవాడు. ఉన్న నలుపు చాలదన్నట్టు ఒంటికి మసి పూసి, ఈకలు కట్టి, మంట చుట్టూ ఎగరమనేవాళ్ళు. ఒకరోజు స్టూడియో షెడ్డులో ఆమె ఏజెంటుతో పోట్లాడుతుంటే నాయన ఆగి విని, "ఏ ఊరమ్మా?" అని అడిగాడట.

"సూళ్ళూరుపేట కాడ అయ్యోరా. మాది ఊరు గాదు, చెరువు గట్టు," అందట.

యానాదులు. పెళ్ళయ్యాక మొగుడితో వచ్చి వ్యాసర్పాడిలో ఉంటోంది. మొగుడు రైల్వే యార్డులో మూటలు మోసేవాడు. నాయన ఆమెని ఇంటికి పిలిచాడు. గడపలోనే కూర్చుంది, అమ్మ ఎంత పిలిచినా లోపలికి రాలేదు. అమ్మ ఇచ్చిన కాఫీ రెండు చేతులా పట్టుకుని, నాయన చెప్పిన వెండికొండ కథ అంతా కళ్ళార్పకుండా వింది. అయిపోయాక, "మా తమ్ముణ్ణి గూడా అట్నే లారీ ఎక్కించినారు అయ్యోరా, యాడనో కాలవ తవ్వే పనని," అంది. "మా యమ్మ ఆ లారీ యెనకాల్నే పరిగెత్తింది. మళ్ళా రాలా వాడు."

అంతే అంది. నేను వాకిట్లో నిలబడి, ఆమె కాఫీ గ్లాసు కడిగి బోర్లించి వెళ్ళడం చూశాను. ఆ రోజుల్లో మా ఇంట్లో కూడా అట్లాంటి వాళ్ళ గ్లాసు వేరుగా ఉండేదన్న సంగతి రాయకుండా దాటవేస్తే ఈ కథ చెప్పడం దండగ. నాయన కాయితం మీద చూసినంత దూరం మా వంటింట్లో చూడలేదు. నేను ఎక్కడా చూడలేదు.

డబ్బింగ్ థియేటరు పవర్‌హౌస్ దగ్గర సందులో ఉండేది. ఇప్పుడు అక్కడ ఐదంతస్తుల అపార్టుమెంటు, కింద ఏదో పళ్ళ డాక్టరు. తలుపు మూస్తే చెవులు మూసుకుపోయినట్టుండే గది, వేడెక్కిన ఫిల్ము వాసన, ఏసీ తడివాసన. చిన్న ముక్కని కొసలు కలిపి మళ్ళీ మళ్ళీ తిరిగేటట్టు వేస్తే దాన్ని లూపు అనేవాళ్ళు. తెరమీద అదే ఏడుపు తిరిగి తిరిగి వస్తుంటే, కింద నిలబడి దానికి గొంతు కలపాలి. నేను అప్పటికే గుంపు గొంతులకి వెళుతుండేదాన్ని. సంతలో కేకలు, పెళ్ళిలో నవ్వులు. కాబట్టి ఆ రోజు నేను ఆ గదిలోనే ఉన్నాను. పెంచలమ్మ గుడికొచ్చినట్టు చెప్పులు బయట విడిచి వచ్చింది. ఆకుపచ్చ చీర, జడలో కనకాంబరాలు. నాయన రాసిన మాటలు ఆమెకి ముందే చెప్పి కంఠతా పట్టించాడు. లూపు తిరగడం మొదలుపెట్టింది. ఒకసారి, రెండుసార్లు, ఐదుసార్లు. ఆమె నోరు విప్పలేదు, తెరకేసి చూస్తూ ఉంది.

"ఆ బిడ్డని యాడికి తీసకపోతా ఉండారు అయ్యోరా?" అంది చివరికి.

"చెప్పినా గదమ్మా, వెండికొండకి. గనిలోకి."

"మళ్ళా వస్తాడా?"

"శానామంది రాలా," అన్నాడు నాయన.

"సరే. ఎయ్యండి," అంది.

ఆమె నాయన రాసిన మాటలు చెప్పలేదు. తన మాటలు చెప్పింది. ముందు చిన్నగా, పక్కనున్న వాడికి చెప్పినట్టు. తర్వాత గట్టిగా. చేతులు రెండూ ముందుకు చాచి గాలిని పట్టుకుంది. తెరమీద ఆ తల్లి పెదాలు మూసుకున్న చోటనే ఈమెవీ మూసుకున్నాయి. అక్షరాలు లెక్కపెట్టడం ఆమెకి ఎవరూ నేర్పలేదు. అద్దం వెనకాల సౌండ్ ఇంజనీరు 'ఓకే' చెప్పడానికి చాలాసేపు పట్టింది. నాయన కళ్ళద్దాలు తీసి పంచె అంచుతో తుడుచుకుంటూనే ఉన్నాడు. పెంచలమ్మ నా దగ్గరికి వచ్చి, "మంచినీళ్ళుంటే ఇయ్యి పాపా," అంది. చెంబు ఇచ్చాను. ఎత్తి పోసుకుని గడగడా తాగింది. "ఈ సినిమా మనకాడ ఆడతాదా?" అని అడిగింది. ఆడుతుందన్నాను.

రెండు రోజుల తర్వాత నిర్మాత వచ్చి విన్నాడు. "ఇదేం యాసండీ మాస్టారూ? పెరూ దేశపు వాళ్ళు నెల్లూరు యాసలో ఏడిస్తే మావైపు జనం నవ్విపోతారు," అన్నాడు. "ఇంగ్లీషులో కూడా వాళ్ళు గోలేగా చేసేది. గోల పెట్టండి చాలు. కాస్త తమాషాగా ఉంటే పిల్లలు కూడా చూస్తారు."

"గోల కాదండీ అది. ఆ తల్లి మాట్లాడతా ఉండాది," అన్నాడు నాయన.

"ఏం మాట్లాడుతోందో మీకు తెలుసా?"

నాయనకి తెలీదు. తెలీకపోతే ఏదో ఒకటి పెట్టే హక్కు మనకి లేదనీ, కానీ ఏమీ మాట్లాడలేదనే హక్కు అంతకన్నా లేదనీ అన్నాడు. ఆ వాదన నాకు అప్పుడు అర్థం కాలేదు. నిర్మాత మొహం గంటు పెట్టుకుని వెళ్ళిపోయాడు. ఇంటికొచ్చి చెబితే అమ్మ, "వాళ్ళు పంపిన కారం రోజూ తింటాడు గదా ఆయన, వాళ్ళ మాట మాత్రం ఘాటయిపోయిందా?" అంది. మిరపకాయ సంగతి ఆమె మరిచిపోలేదు.

ఆ వారంలోనే మా పెద్దత్త పోయిందని తంతి వస్తే నాయన నెల్లూరు వెళ్ళాడు. మర్నాడు పొద్దున మేడమీదవాళ్ళ ఫోనుకి స్టూడియోనుంచి కబురు, నన్ను వెంటనే రమ్మని. గుంపు గొంతులకేమో అనుకుని వెళ్ళాను. నిర్మాత ఉన్నాడు, ఆయన స్నేహితులు ఇద్దరు ముగ్గురు ఉన్నారు. "మీ నాన్నగారు మొండివారమ్మా. ప్రింటు ఎల్లుండి వెళ్ళిపోవాలి. నువ్వు చిన్నపిల్లవి, చలాకీగా ఉంటావు. ఆ తల్లి ముక్క నువ్వు చెప్పు. అర్థం ఉండకూడదు, సరదాగా ఉండాలి," అన్నాడు. నేను చెప్పకపోతే నాయన పని వేరేవాళ్ళకి ఇస్తాడని చాలా ఏళ్ళు నాకు నేను చెప్పుకున్నాను. ఆయన ఆ మాట అననేలేదు. నేను ఒకసారి, "నాయనకి చెప్పాలేమో," అన్నాను. "నేను చెబుతాలే," అన్నాడు. అంతే, వెళ్ళి మైకు ముందు నిలబడ్డాను.

మొదటిసారి సిగ్గుపడుతూ ఏవో శబ్దాలు చేశాను. అద్దం వెనకాల ఒకాయన నవ్వాడు. రెండోసారి ఇంకాస్త చేశాను. అందరూ నవ్వారు. గుంపులో ఒకత్తెగా అరవడమే తప్ప, నా ఒక్కదాని గొంతుకి మనుషులు నవ్వడం అదే మొదటిసారి. ఆ నవ్వు నాకు ఎంత నచ్చిందో ఇప్పటికీ గుర్తుంది. ఒళ్ళంతా వెచ్చగా అయింది. ఇంకోసారి వెయ్యమని నేనే అడిగాను. ఆఖరి 'హూయ్ హూయ్' నిర్మాత అడిగింది కాదు, నేను సొంతంగా కలిపింది. ఆ అమ్మ ముఖం లూపులో తిరుగుతూనే ఉంది. నేను ఆమె పెదాలే చూశాను, కళ్ళు చూడలేదు. నాయన నేర్పిన పని కదా, పెదాలు చూడడం.

నాయన ఊరినుంచి వచ్చాక చెప్పలేదు. రేపు చెబుదాం, ఎల్లుండి చెబుదాం అనుకుంటుండగా రెండు నెలలు గడిచాయి. నిర్మాత కూడా చెప్పలేదు. ఉత్తర మద్రాసులో ఒక థియేటర్లో ఆదివారాలు పొద్దున ఆటకి తెలుగు సినిమాలు వేసేవాళ్ళు. మా సినిమా వచ్చిందని తెలిసి నాయన పెంచలమ్మకి కబురు పెట్టాడు. నాకు కడుపునొప్పి అన్నాను. అమ్మ ఊరుకోలేదు, నువ్వు కూడా పని చేసిన సినిమా కదా అని లాక్కెళ్ళింది.

థియేటరు వాకిట్లో చూస్తే, పెంచలమ్మ వ్యాసర్పాడినుంచి ఒక్కతే రాలేదు. మొగుడు, అతనితో మూటలు మోసేవాళ్ళు, ఇరుగుపొరుగు ఆడవాళ్ళు, చంకల్లో పిల్లలు, పాతికమంది దాకా తీసుకొచ్చింది. మొగుడు గడ్డం గీయించుకుని, ఇస్త్రీ చొక్కా వేసుకున్నాడు. పెంచలమ్మ అదే ఆకుపచ్చ చీర కట్టుకుని, ఆరేళ్ళ కూతుర్ని ఎత్తుకుని, "మా యమ్మి ఇది. సెల్వి," అని అమ్మకి చూపించింది. అందరూ ఒకే వరసలో కూర్చున్నారు. కాయితం చదివే ఘట్టంలో జనం గొణుక్కున్నారు, ఒక్క ముక్క తెలియడం లేదని. నాయన చీకట్లో నా చెయ్యి నొక్కాడు, అనుకున్నట్టే జరిగిందని.

తర్వాత ఆ కొండదోవ వచ్చింది. పెంచలమ్మ వరసంతా ముందుకు వంగింది. "ఇప్పుడే, ఇప్పుడే," అని ఆమె మొగుడు పక్కవాళ్ళకి చెప్పడం నాకు వినబడింది. తెరమీద తల్లి కొడుకు చెయ్యి పట్టుకుంది. నోరు తెరిచింది. అబుక్కు డబుక్కు లబలబ హూయ్.

థియేటరు మొత్తం నవ్వింది. పిల్లలు కుర్చీలెక్కి హూయ్ హూయ్ అని అరిచారు. పెంచలమ్మ వరసలో మొదట ఎవరూ కదల్లేదు, తర్వాత ఆ పిల్లలు కూడా నవ్వారు, వాళ్ళకేం తెలుసు. నేను ఆమెకేసి చూడలేదు. నాయన నావైపు తిరిగి, "నువ్వేనా?" అన్నాడు. తల ఊపాను. ఆయన నా చేతిమీదినుంచి చెయ్యి తీసేశాడు.

ఆట వదిలాక బయట మిట్టమధ్యాహ్నం ఎండ. నాయన ఆమె దగ్గరికి వెళ్ళబోతుంటే ఆమే మా దగ్గరికి వచ్చింది. నాయనకేసి చూడలేదు, నన్నే చూసింది.

"అది నీ గొంతు గదా పాపా," అంది.

నేను ఆమె చెప్పులకేసి చూశాను.

"బాగా చేసినావు. అందురూ నవ్వినారు," అంది. ఆ మాటలో కోపం గానీ ఎత్తిపొడుపు గానీ ఉంటే నేను ఈపాటికి మరిచిపోయి ఉండేదాన్నేమో. సెల్విని చంక మార్చుకుని, తనవాళ్ళని పిలుచుకుని బస్టాపు వైపు నడిచింది.

ఆ సాయంత్రం నాయన ఆ సినిమాకి రాసిన కాయితాలన్నీ చింపి పొయ్యిలో పెట్టాడు. అమ్మ ఆపలేదు. మర్నాడు ఒక్కడే వ్యాసర్పాడి వెళ్ళి వచ్చాడు. నన్ను రమ్మని అడిగాడు, నేను పోలేదు. అక్కడ ఏం జరిగిందో ఆయన చెప్పలేదు, నేను అడగలేదు. ఆ తర్వాత కూడా కళ్ళు పనిచేసినంత కాలం సినిమాలకి రాశాడు, కానీ ఇంట్లో నన్ను ఎదురుగా కూర్చోబెట్టుకోవడం మానేశాడు. అద్దం ముందు కూర్చుని తన నోరే చూసుకుంటూ రాసుకునేవాడు. నామీద ఒక్కసారి కూడా కేక వెయ్యలేదు. నా పెళ్ళికి అందరికన్నా ఎక్కువ ఏడ్చినవాడూ ఆయనే. నేను స్టూడియోలకి పోవడం మానేసి, టీచరు పనిలో చేరి, బళ్ళో మూడు పదుల ఏళ్ళు తెలుగు చెప్పాను. కథలు రాశాను, మనుషుల భాషని ఉన్నదున్నట్టు పట్టుకుంటానని నలుగురూ మెచ్చుకున్నారు. ఆ మెప్పులు చదువుకున్న ప్రతిసారీ వ్యాసర్పాడి వెళ్ళాలనుకునేదాన్ని. వ్యాసర్పాడి మా ఇంటినుంచి గంట దూరం కూడా లేదు.

నిత్య ఫోనులో ఆ ముక్క చూపించాక మాత్రం నిద్ర పట్టడం మానేసింది. పాత జూనియర్ ఆర్టిస్టుల్లో ఒక ముసలాయన్ని పట్టుకుని అడిగితే, పెంచలమ్మ పోయి ముప్ఫయ్యేళ్ళయిందనీ, కూతురు అక్కడే ఉందనీ చెప్పాడు. పోయిన బుధవారం ఆటోలో వెళ్ళాను. ఒకప్పుడు గుడిసెలుండే చోట ఇప్పుడు గవర్నమెంటు కట్టిన మూడంతస్తుల ఇళ్ళు, మెట్లమీద నీళ్ళ బిందెలు, వెనకాల యార్డులో ఇంజన్ల కూత. సెల్వి ఇంట్లోనే మిషను పెట్టుకుని బ్లౌజులు కుడుతోంది. నుదురు వాళ్ళమ్మదే. నేను పలానా అని చెబితే కాసేపు చూసి, "డబ్బింగ్ అయ్యోరు కూతురా? రండి మా, కూర్చోండి," అని, అరవంలో లాగా అమ్మా అనే మాటని మా అంటూ, కుర్చీ తుడిచింది. కాఫీ వద్దంటే వినలేదు. ఇంట్లో వాళ్ళు తాగే స్టీలు గ్లాసులోనే ఇచ్చింది.

నేను వచ్చిన పని చెప్పాను. ఎవరి గొంతుమీద ఎవరు గొంతు పెట్టారో, ఎందుకు పెట్టారో, నవ్వు నచ్చిందన్న సంగతితో సహా. ఆమె మధ్యలో ఆపలేదు.

"అమ్మ చెప్పింది మా," అంది. "మీమీద తిట్టు ఏమీ లేదు. కానీ దానికి పిన్నాల, ఆ సినిమా తర్వాత, అమ్మ షూటింగ్‌కి పోయేది గానీ, నోరు తెరిచి అరవమంటే అరిచేది కాదు. ఊరికే నిలబడుకుంటాది. దానికే ఏజెంటు తిడతా ఉండె. ఆ పొద్దు థియేటర్లో నేను గూడా నవ్వినా, తెలుసా మా? హూయ్ హూయ్ అని ఇంట్లో గూడా అంటా ఉంటి. అమ్మ ఒక్క దెబ్బ ఎయ్యలా."

గోడమీద పెంచలమ్మ ఫోటో ఉంది, దండ వేసి. సెల్వి దానికేసి చూసి, "ఫోటో ఉండాది. గొంతు ల్యా," అంది. "మా పిలకాయలకి అవ్వ గొంతు తెలీదు. అప్పుడు ఫోను గీను ఏముండె. ఆ రూములో ఒక దినం మాట్లాడింది గదా, అదన్నా ఉందేమో అని మా పెద్దోడు యాడెడనో అడిగినాడు. ల్యా అన్నారు." మిషనుమీదినుంచి చెయ్యి తీసి నావైపు తిరిగింది. "అమ్మ ఆ పొద్దు ఏమేం చెప్పింది మా? నన్ను జోకొట్టి తూంగబెట్టేటప్పుడు ఒకతూరి అడిగినా. పో, మరిచిపోయినా అనింది. మీరు పక్కన్నే ఉండారు గదా. మీకు జ్ఞాపకం ఉండాదా?"

కళ్ళు మూసుకున్నాను. ఆకుపచ్చ చీర కనబడింది, కనకాంబరాలు కనబడ్డాయి, తలుపు బయట విడిచిన చెప్పులు కనబడ్డాయి. చాచిన చేతులు కనబడ్డాయి. నా అబుక్కు డబుక్కు మొత్తం, ఊపిరి ఎక్కడ తీసుకున్నానో దానితో సహా, వరసగా గుర్తొచ్చింది. ఆమె చెప్పిన మాట ఒక్కటంటే ఒక్కటి రాలేదు. ఆ రోజు నేను వినలేదు. ఆమె మాట ఎక్కడ మొదలైంది, ఎక్కడ ఆగింది, పెదాలకి సరిపోయిందా లేదా, అదే చూస్తూ ఉన్నాను.

నేను కథలు రాసేదాన్ని. ఆ యాస నాకు బాగా వచ్చు. ఒక తల్లి ఏమంటుందో నాలుగు వాక్యాలు అప్పటికప్పుడు చెప్పగలను. సెల్వి నమ్మేది, పిల్లలకి చెప్పుకునేది. చెప్పడానికి నోరు తెరిచాను కూడా. ఆమె నా పెదాలకేసి చూస్తూ ఉంది.

"గుర్తు లేదమ్మా," అన్నాను.

సెల్వి మిషను కిందున్న బ్లౌజు గుడ్డ బయటికి లాగి, దారం కొరికి, మడత పెట్టింది.

"అయితే ఇంకెవుర్ని అడగాల మా?" అంది.